ఇద్దరు శ్రీరంజనుల్లో చిన్న శ్రీరంజని

తమిళనాట 'పరాశక్తి' పేరు చెప్పగానే అందరికీ ముందు గుర్తొచ్చేది కోర్టు సన్నివేశం. బోనులో నిలబడి శివాజీ గణేశన్ గుక్క తిప్పుకోకుండా చెప్పిన మాటలు. కరుణానిధి రాసిన ఆ సంభాషణలను ఒక తరం కుర్రాళ్లు కంఠస్థం చేసి వేదికల మీద అప్పజెప్పారు. 1952 దీపావళికి విడుదలైన ఆ సినిమాతో ఒక మహానటుడు తెరకెక్కాడు, ఒక రాజకీయ ఉద్యమానికి ఊపు వచ్చింది. ఇంత చరిత్ర ఉన్న సన్నివేశంలో ఒక చిన్న ప్రశ్న మాత్రం మరుగున పడిపోయింది. అతను అంత ఆవేశంగా మాట్లాడుతున్నది ఎవరి కోసం?

చెల్లెలు కల్యాణి కోసం. ఆ కల్యాణిగా నటించింది గుంటూరు జిల్లా మురికిపూడిలో పుట్టిన తెలుగు నటి. తల్లిదండ్రులు పెట్టిన పేరు మహాలక్ష్మి, తెర మీద పేరు శ్రీరంజని. పాత సినిమాల గురించి రాసేవాళ్లు జూనియర్ శ్రీరంజని అంటారు.

ఆమెను అందరూ పూర్తిగా మరిచిపోయారని అనలేను. 'గుణసుందరి కథ' చూసినవాళ్లకు ముఖం గుర్తుంటుంది. కానీ ఆ ముఖానికి పేరు తగిలించమంటే చాలామంది తడుముకుంటారు. ఇంకొందరు 1934 నాటి 'లవకుశ'లో సీత ఈమేనంటారు. కథానాయికగా పేరు పొంది, రెండు భాషల్లో పెద్ద సినిమాలకు ప్రాణం పోసిన నటి ఇలా మసకబారిపోవడానికి కారణాలు ఏమిటి? వెతుకుతూ పోతే దొరికేది ఒక్క మనిషి కథ మాత్రమే కాదు. మన కుటుంబ కథా చిత్రాలు ఆడమనిషి నుంచి ఏం తీసుకున్నాయో, ఎవరికి పేరు కట్టబెట్టాయో కూడా అందులోనే కనిపిస్తుంది.

ముందు పేరు చిక్కు విప్పుకుందాం.

శ్రీరంజని కర్ణాటక సంగీతంలో ఒక రాగం. ఖరహరప్రియకు జన్యరాగం. ఆ పేరుతో తెలుగు తెర మీద మొదట వెలిగింది ఈమె అక్కగారు. నాటకరంగం నుంచి వచ్చారు. సి. పుల్లయ్య దర్శకత్వంలో ఈస్టిండియా ఫిలిం కంపెనీ కలకత్తాలో తీసిన 1934 నాటి 'లవకుశ'లో సీత ఆమే. ఎవరి పాట వారే పాడుకునే రోజులు కాబట్టి తెర మీద మాట, పాట, ముఖం మూడూ ఆమె సొంతం. కాళ్లకూరి నారాయణరావు వరకట్నం మీద రాసిన నాటకాన్ని 1939లో 'వరవిక్రయం' సినిమాగా తీస్తే పుష్పవల్లి, భానుమతి అక్కచెల్లెళ్లయ్యారు. వాళ్ల తల్లి భ్రమరాంబ శ్రీరంజని. ఆడపిల్లల పెళ్లిళ్ల బెంగతో నలిగిపోయే తల్లి పాత్ర. ఆ ఏడాదే ఆమె కన్నుమూశారు.

అప్పటికి చెల్లెలు మహాలక్ష్మి పన్నెండేళ్ల పిల్ల. 1927 ఫిబ్రవరి 22న పుట్టారు. అక్కకూ చెల్లెలికీ సుమారు రెండు దశాబ్దాల తేడా. 1940ల మధ్యలో చెల్లెలు సినిమాల్లోకి వచ్చేసరికి అక్క పేరే ఆమె పేరయింది.

ఇక్కడి నుంచి లెక్క తేలిక. తెర మీద శ్రీరంజని అనే పేరు కనబడితే సినిమా తీసిన ఏడాది చూడండి. 1939 దాకా అయితే అక్క, ఆ తర్వాతి రెండు మూడు దశాబ్దాలవి అయితే చెల్లెలు. ఇప్పటి సినిమాల్లో అమ్మగా, వదినగా కనిపించే శ్రీరంజని వేరే వ్యక్తి. ఈ మాత్రం సూత్రం తెలియకపోవడం వల్ల చెల్లెలి ఖాతాలో పడాల్సిన సినిమాలు అక్కకూ, అక్క సీత పాత్ర చెల్లెలికీ జమ అవుతుంటాయి.

పేరు అరువు తీసుకోవడం ఆ రోజుల్లో వింత కాదు. అక్క సంపాదించిన గౌరవం చెల్లెలికి తలుపు తీసి ఉంటుంది. అయితే ఆ సాయానికి ఆమె కట్టిన వెల చిన్నది కాదని నా అభిప్రాయం. జూనియర్ అనే మాట కొత్తలో మోయడం వేరు. నడివయసు దాటి, చివరికి పోయిన తర్వాత కూడా మోయడం వేరు. ఆమె గురించి ఏ వాక్యం మొదలుపెట్టినా అక్కతో మొదలుపెట్టాల్సిందే. ఈ వ్యాసంలో నేను చేసింది కూడా అదే.

చిన్న శ్రీరంజని మొదట్లో చేసినవి పక్క పాత్రలు. 1949లో భరణీ సంస్థ తీసిన 'లైలా మజ్ను'లో భానుమతి నాయిక, ఈమెది వెనక వరస. అదే ఏడాది కె.వి. రెడ్డి ఆమెను పిలిచి ఏకంగా సినిమా పేరులోనే ఉన్న పాత్ర ఇచ్చారు. అదే 'గుణసుందరి కథ'. 'భక్త పోతన', 'యోగి వేమన' తీసి పేరు పొందిన దర్శకుడు, ఆయనకు తొలిసారి మాటలూ పాటలూ రాస్తున్న పింగళి నాగేంద్రరావు, నాయకుడుగా హాస్యనటుడు కస్తూరి శివరావు. అందగాడు కాని నాయకుడి పక్కన, పెద్ద పేరు లేని నాయిక. ఈ జోడీ మీద సినిమా నిలబడుతుందని నమ్మడానికి గుండె కావాలి.

ఈ సినిమాకు మూలం షేక్స్‌పియర్ 'కింగ్ లియర్' అని అందరూ చెప్పే మాటే. ఏం తీసుకున్నారన్నది మాత్రం ఎవరూ నిలిచి చూడరు. లియర్ రాజు ముగ్గురు కూతుళ్లను మీకు నా మీద ఎంత ప్రేమ అని అడుగుతాడు. పెద్దవాళ్లిద్దరూ ఆకాశానికెత్తుతారు. చిన్నది కార్డీలియా చెప్పడానికేమీ లేదంటుంది. తండ్రి గుచ్చి గుచ్చి అడిగితే, రేపు పెళ్లయ్యాక నా ప్రేమలో సగం నా భర్తకు వెళుతుంది కదా అని నిజం చెబుతుంది. ఆ సగం వాక్యాన్ని కె.వి. రెడ్డి, పింగళి పట్టుకొని మొత్తం కథగా మార్చేశారు. నిండు సభలో తండ్రి ఉగ్రసేన మహారాజు అడిగినప్పుడు గుణసుందరి, ఆడదానికి పెళ్లయ్యాక భర్త తర్వాతే ఎవరైనా అని చెబుతుంది. తండ్రిగా గోవిందరాజుల సుబ్బారావు, అక్కలుగా శాంతకుమారి, మాలతి. ఆ ఒక్క మాటకు తండ్రి మండిపడి, భర్తే దేవుడన్నావు కాబట్టి ఇడుగో నీ దేవుడు అని అవిటివాడైన దైవాధీనానికి కట్టబెడతాడు.

ఆంగ్ల నాటకంలో కార్డీలియా ఆ సభ తర్వాత చాలాసేపు కనిపించదు. బాధంతా తండ్రిది. తెలుగు సినిమాలో తండ్రి పక్కకు తప్పుకుంటాడు, పరీక్ష కూతురికి మొదలవుతుంది. రాజభవనం నుంచి బయటపడిన పిల్ల, ఎగతాళి చేసే అక్కలు, రోగంతో మంచాన పడిన తండ్రి, ఆయన్ను బతికించే మహేంద్రమణి, దాన్ని తెచ్చిన భర్త నుంచి కాజేసే తోడల్లుళ్లు. ఆఖరికి మణి పోగొట్టుకున్న భర్త ఎలుగుబంటి అయిపోతే ఆ ఎలుగుబంటికి కూడా ఆమే ఇల్లాలు. మణులూ శాపాలూ తీసి పక్కన పెట్టి చూడండి. మిగిలేది ముగ్గురు కూతుళ్లున్న ఇల్లు. ఉన్నవాళ్లయిన అల్లుళ్లకు దక్కే మర్యాద, లేని అల్లుడికి దక్కే అవమానం. పండక్కి పుట్టింటికి వచ్చిన అక్కచెల్లెళ్ల మధ్య చీరల దగ్గరా, పీటల దగ్గరా కనిపించే తేడా. మా అమ్మమ్మ ఈ సినిమాను జానపదమని ఎన్నడూ అనలేదు. "మన ఇళ్లల్లో కథే" అనేది.

అందుకే ఇది జానపదం వేషం వేసుకున్న కుటుంబ కథ అని నేనంటాను. ఆ తర్వాతి ఇరవై ఏళ్లలో సాంఘిక చిత్రాలు మళ్లీ మళ్లీ చెప్పిన కథకు అస్థిపంజరం ఇక్కడుంది. నిజం చెప్పి కష్టాలు కొనితెచ్చుకున్న ఆడపిల్ల, ఆ కష్టాలు నోరెత్తకుండా భరించడం వల్ల చివరికి అందరి మనసూ మార్చడం. ఇక్కడ గమనించాల్సింది ఒకటుంది. కథలో ఆమెకు దక్కిన బలమైన మాట ఒక్కటే. ఆ మాటకే శిక్ష పడింది. ఆ తర్వాత రెండు గంటల పాటు ఆమె చేయాల్సిందల్లా ముఖంతో నటించడం.

శ్రీరంజని అక్కడే నెగ్గారు. ఆమె ఏడుపులో గుండెలు బాదుకోవడం ఉండదు. కళ్లు పెద్దవి చేసి ఎదుటివారిని నిలదీయడమూ ఉండదు. నాటకాల నుంచి వచ్చిన నటులు చుట్టూ గొంతెత్తి పలుకుతుంటే ఈమె కింది చూపుతో, ఒదిగిన భుజాలతో ఆ దృశ్యాన్ని తన వైపు లాక్కుంటారు. తులసమ్మను వేడుకునే పాట ఉంది. అది పి. లీల గొంతు. అక్క తన పాట తాను పాడుకున్న 1934కూ, చెల్లెలు మరొకరి గొంతుకు పెదవి కదిపిన 1949కీ మధ్య సినిమా యంత్రాంగం మారిపోయింది. నేపథ్య గానం స్థిరపడింది. దానివల్ల పాటలు బాగుపడ్డాయి, సందేహం లేదు. కానీ జ్ఞాపకాల పంపకంలో నటికి వచ్చే వాటా తగ్గింది. ఆ పాట ఇప్పుడు విన్నవాళ్లు లీలను తలచుకుంటారు, సంగీతం తెలిసినవాళ్లు ఓగిరాల రామచంద్రరావును తలచుకుంటారు. తెర మీద ఆ భక్తినీ బేలతనాన్నీ కళ్లల్లో నింపుకొన్న మనిషి మూడోస్థానానికి జరిగిపోతారు.

'గుణసుందరి కథ' విజయం ఆమెను మదరాసులో అందరికీ తెలిసిన నటిని చేసింది. ఇక వరసగా కష్టాలు పడే పాత్రలు. 'పరాశక్తి'కి ఆమెను తీసుకోవడంలో ఆశ్చర్యం లేదు.

ఆ కథ తెలుగువాళ్లకు అంతగా తెలియదు కాబట్టి కాస్త వివరంగా చెప్పుకుందాం. రెండో ప్రపంచ యుద్ధ కాలం. ముగ్గురు అన్నలు రంగూన్‌లో, తండ్రీ చెల్లెలూ మదురైలో. చెల్లెలి పెళ్లికి అన్నలు రావాలి. యుద్ధం వల్ల ఓడ ప్రయాణాలు కష్టమై చిన్నన్న గుణశేఖరన్ ఒక్కడే బయలుదేరుతాడు, అతనూ వేళకు చేరలేకపోతాడు. పెళ్లి జరిగిపోతుంది. కొంతకాలానికి కల్యాణికి కొడుకు పుట్టిన రోజే భర్త ప్రమాదంలో చనిపోతాడు, ఆ దెబ్బకు తండ్రి కూడా పోతాడు. పురిటి మంచం మీదున్న పిల్లకు ఒక్క రోజులో పుట్టిల్లూ మెట్టినిల్లూ రెండూ లేకుండా పోయాయి.

అప్పుడు కల్యాణి చేసే పని నాకు చాలా ఇష్టం. ఇడ్లీల అంగడి పెట్టుకుంటుంది. చంటిబిడ్డను పక్కన పడుకోబెట్టుకొని పొయ్యి ముందు కూర్చుంటుంది. కష్టాల కథానాయికలు కుట్టుమిషన్ తొక్కి బతకడం మన సినిమాల్లో తర్వాత రివాజైపోయింది. ఇక్కడ మాత్రం పొగ, వేడి, అప్పుల లెక్క, అర్ధాకలి మనుషులు. ఈలోపు డబ్బంతా పోగొట్టుకున్న అన్న ఆ ఊరికి చేరతాడు. ఏమీ లేనివాడిగా చెల్లెలికి ముఖం చూపించలేక పిచ్చివాడిలా నటిస్తూ ఆమె చుట్టే తిరుగుతాడు. ఆమె తయారుచేసిన తిండి తింటాడు, అల్లరి పెడతాడు, విసిగిస్తాడు. మనకు అతను అన్న అని తెలుసు, ఆమెకు తెలియదు. శివాజీకి అక్కడ ఆడుకునేందుకు ఎంత చోటుందో చూడండి. పిచ్చి, ప్రేమ, హాస్యం, వెక్కిరింత అన్నీ అతనివే. ఎదురుగా ఉన్న నటి చేయాల్సింది ఒకే ఒక్కటి, ఏమీ తెలియనట్టుండడం. విసుగులోనే కొంచెం జాలి, జాలిలోనే కొంచెం భయం. ఆ ముఖం లేకపోతే అతని నటన గాలిలో కత్తి తిప్పినట్టయ్యేది. నటనలో ఈ రెండో పనికి బిరుదులు రావు.

తెలుగులో ఆ మరుసటి ఏడాది 'బతుకు తెరువు' వచ్చింది. ఉద్యోగం లేని యువకుడు అక్కినేని నాగేశ్వరరావు. పెళ్లయిన సంగతి దాచి జమీందారు ఇంట్లో పనికి కుదురుకుంటాడు. ఆ ఇంటి అమ్మాయి సావిత్రి అతన్ని ఇష్టపడుతుంది. దాచిపెట్టిన భార్య శ్రీరంజని. ఈ కథకు ఎంత గిరాకీ ఉందంటే 1969లో హిందీలో 'జీనే కీ రాహ్'గా తీశారు, 1972లో మళ్లీ తెలుగులోనే 'భార్యాబిడ్డలు'గా తీశారు. ఘంటసాల గొంతులోని 'అందమే ఆనందం' ఈ సినిమాలోదే, ఇప్పటికీ పాడుకునేవాళ్లున్నారు. భార్య పాత్రను గమనించండి. ఇంటి పొయ్యి వెలగాలంటే తాను లేనట్టే ఉండాలి. భర్త బొంకు నిలవాలంటే తాను నోరు విప్పకూడదు. గుణసుందరికి మాట్లాడినందుకు శిక్ష పడితే, ఈమె మాట్లాడకపోవడమే సంసారానికి ఆధారం.

1954 జనవరిలో విజయా వారి 'చంద్రహారం'. రాజకుమారుడు ఎన్.టి. రామారావు, అతని ప్రాణం హారంలో ఉంటుంది. ఆ హారం మీద కన్నేసిన చంచలగా సావిత్రి, అతని కోసం అల్లాడే గౌరిగా శ్రీరంజని. కమలాకర కామేశ్వరరావు దర్శకత్వం, భారీ ఖర్చు. 'పాతాళ భైరవి', 'పెళ్లి చేసి చూడు' తర్వాత విజయా వారి సినిమా అంటే జనానికి ఎంత ఆశ ఉంటుందో ఊహించుకోవచ్చు. సినిమా ఆడలేదు. ఇది ఆమె ప్రయాణంలో పెద్ద మలుపు అని నా అంచనా. అగ్ర సంస్థలో, అగ్ర నాయకుడి పక్కన నాయికగా దొరికిన అవకాశం అలా చేజారింది. ఏడాది తిరిగేసరికి అదే సంస్థ 'మిస్సమ్మ' తీసింది. ముందు భానుమతితో మొదలైన ఆ పాత్ర సావిత్రికి వచ్చింది, తర్వాతి సంగతి అందరికీ తెలుసు.

ఈ ఇద్దరు నటీమణులనూ వరసలో పెట్టి చూస్తే మార్పు కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది. 1953లో శ్రీరంజని భార్య, సావిత్రి ఆశపడి భంగపడే అమ్మాయి. 1954లో శ్రీరంజని నాయిక, సావిత్రి అడ్డుపడే మోహిని. 1955లో 'సంతానం' వచ్చేసరికి నాగేశ్వరరావు పక్కన నాయిక సావిత్రి, ఆయనకు తోబుట్టువు శ్రీరంజని. అదే ఏడాది 'గుణసుందరి కథ'ను తమిళంలో తీస్తే జెమినీ గణేశన్ పక్కన గుణసుందరి కూడా సావిత్రే. తాను నిలబెట్టిన పాత్ర ఆరేళ్లకే మరొకరి చేతికి వెళ్లింది.

దీన్ని సావిత్రి మీద నెపంగా ఎవరూ చదవకూడదు. అంత ప్రతిభ వచ్చి నిలబడితే చోటు ఇవ్వక తప్పదు. నేను చెప్పేది పాత్ర స్వభావం మారిందని. 'మిస్సమ్మ' నాయిక చదువుకున్నది, ఉద్యోగం కోసం అబద్ధమాడగలదు, నచ్చకపోతే ముఖం మీదే చెబుతుంది, అలుగుతుంది, నాయకుణ్ణి చిరాకు పెడుతుంది. ప్రేక్షకులు నాయిక మాట వినడానికి అలవాటు పడుతున్న కాలమది. మౌనంగా భరించే స్త్రీ కథలో నుంచి పోలేదు. నాయిక స్థానం నుంచి అక్క, వదిన, తల్లి స్థానాలకు జరిగింది. ఆ పాత్రతో పాటే శ్రీరంజని కూడా జరిగారు. అప్పటికి ఆమెకు ఇరవై ఎనిమిదేళ్లు.

'సంతానం' గురించి ఇంకో మాట. గుడ్డివాడైన తండ్రి ఎస్.వి. రంగారావు, చెల్లాచెదురైన ముగ్గురు పిల్లలు. అందులో ఆడపిల్ల శ్రీరంజని. లతా మంగేష్కర్ తెలుగులో తొలిసారి పాడింది ఈ సినిమాకే, తమ్ముణ్ణి నిద్రపుచ్చే జోలపాట. ఆ పాటతో తెలుగు ఇళ్లల్లో ఎంతమంది పసివాళ్లు నిద్రపోయి ఉంటారో. అది లత పాటగానే చరిత్రలో నిలిచింది, నిలవాల్సిందే. కానీ తోబుట్టువుల ప్రేమ అనే ముడిసరుకును ఆ కథలో, అంతకు మూడేళ్ల ముందు 'పరాశక్తి'లో, ప్రేక్షకుల గుండెకు చేర్చిన ముఖం ఒకటే అని ఎక్కడా ఎవరూ రాసినట్టు కనిపించదు.

నాయికగా ఆమెకు మరో మంచి అవకాశం 1960లో వచ్చింది. 'మహాకవి కాళిదాసు'. దర్శకుడు మళ్లీ కమలాకర కామేశ్వరరావు, కాళిదాసు నాగేశ్వరరావు. పండితులను ఓడించగల విదుషి విద్యాధరి శ్రీరంజని. గర్వభంగం చేయడానికి పన్నాగం పన్ని ఆ విదుషిని అక్షరం ముక్క రాని పశువుల కాపరికి ఇచ్చి పెళ్లి చేస్తారు. ఎక్కడో విన్నట్టుంది కదూ? సభలో నోరు విప్పిన ఆడపిల్ల, తెలివిగా మాట్లాడినందుకు తగని వరుడు, ఆ తర్వాత భర్త గొప్పవాడు అయ్యేదాకా ఎదురుచూపు. పదకొండేళ్ల క్రితం గుణసుందరి నడిచిన దారే. దర్శకులకు ఆ దారిలో నడిపించడానికి ఆ నటే గుర్తొచ్చింది. అక్కడామె చదువూ రాజసమూ ఉన్న స్త్రీగా పలికిన తీరు చూస్తే, ఏడిపించడం ఒక్కటే ఆమెకు చేతనైన పని అని ఎవరూ అనరు. మిగతావి చేయించలేదు, అంతే.

ఇక మరుపు సంగతి. పేరు ఒక కారణమని ముందే చెప్పాను. రెండోది ఆమె పెద్ద విజయాల స్వభావం. 'గుణసుందరి కథ'లో నాయకుడు కస్తూరి శివరావు. ఆ రోజుల్లో ఆయన కారు ఆపితే జనం మూగేవారు, కానీ కొన్నేళ్లకే ఆయన వైభవం కరిగిపోయింది. పాత సినిమాలను బతికించేవి ఎక్కువగా నాయకుల జయంతులు, వర్ధంతులు, అభిమాన సంఘాలు, టీవీ వాళ్లు వేసే ప్రత్యేక కార్యక్రమాలు. రామారావు గారి వందో పుట్టినరోజుకో, నాగేశ్వరరావు గారి శతజయంతికో ఆయా సినిమాల పేర్లు మళ్లీ వినిపిస్తాయి. ఆ జాబితాల్లో ఆడని 'చంద్రహారం' అడుగున ఉంటుంది. శివరావు పేరు మీద ఉత్సవాలు చేసేవాళ్లు లేరు. అలా నాయిక జ్ఞాపకం నాయకుడి జ్ఞాపకానికి కట్టిన దూడలా ఉండిపోతుంది.

మూడోది భాష సరిహద్దు. ఆమె జీవితంలో అన్నిటికంటే ఎక్కువ చర్చ జరిగిన సినిమా తమిళంలో ఉంది. తమిళులకు అది శివాజీ తొలి చిత్రం, ద్రావిడ ఉద్యమ చిత్రం. వాళ్ల చరిత్రలో కల్యాణి ఒక కారణం మాత్రమే. తెలుగువాళ్లకు అది మన సినిమా కాదు. రెండు ఇళ్ల మధ్య నిలబడ్డ మనిషిని రెండు ఇళ్లవాళ్లూ పక్కింటి మనిషే అనుకున్నట్టయింది.

నాలుగోది, నన్ను ఎక్కువగా బాధపెట్టేది, ఏడిపించే నటనకు మన విమర్శలో ఉన్న తక్కువ విలువ. హాస్యం చేసినవారికి హాస్య చక్రవర్తి అంటాం. గయ్యాళి అత్తగా సూర్యకాంతం గారి పేరు సామెత అయింది, దానికి ఆమె పూర్తిగా అర్హురాలు. నోరు ఉన్న పాత్రకు జనం నోట్లో చోటు దొరుకుతుంది. కష్టపడే కోడలికి మాత్రం "పాపం" అనే మాట దొరుకుతుంది. నటిని చూసి పాపం అనుకున్నామంటే ఆమె పని ఫలించిందని అర్థం. అదే సమయంలో అది నటన అని మరిచిపోయాం. ఆమె స్వభావమే అంత, అలా నిలబడితే చాలు అనుకున్నాం. ఆ నిలబడడం ఎంత కష్టమో, వేడి దీపాల కింద పదిసార్లు అదే కన్నీరు, అంతే కొలతలో తెప్పించడం ఎంత విద్యో తెలిసినవాళ్లు తెర వెనక ఉన్నవాళ్లే.

1974 ఏప్రిల్ 27న శ్రీరంజని కన్నుమూశారు. నలభై ఏడేళ్లు.

చూడాలనుకునేవారికి నా సలహా ఒక్కటే. 'గుణసుందరి కథ'తో మొదలుపెట్టండి, ఆ తర్వాత 'పరాశక్తి' చూడండి, తమిళం రాకపోయినా ఫరవాలేదు. శివాజీ ఉపన్యాసం కోసం తొందరపడకండి. అంతకు ముందు ఇంకో విచారణ ఉంది. ఆకలికి తాళలేక, మృగాల్లాంటి మగవాళ్ల నుంచి తప్పించుకోలేక, గుడిలో కూడా రక్షణ దొరకక కల్యాణి బిడ్డను నదిలో విసిరేస్తుంది. తానూ దూకబోతుంటే పట్టుకొని కోర్టుకు తెస్తారు. ఆ బోనులో ఆమెకోసం మాట్లాడే అన్న లేడు. తన కథ తానే చెప్పుకుంటుంది. మదురైలో పెళ్లి, రంగూన్ నుంచి రాని అన్నలు, పోయిన భర్త, పోయిన తండ్రి, ఇడ్లీల అంగడి. చెప్పుకుంటూ పోతుంటే పై పీఠం మీద కూర్చున్న న్యాయమూర్తి ముఖంలో నెత్తురు చుక్క ఉండదు. ఆమె పెద్దన్న అతనే. చెల్లెలి మాటలు వింటూ వింటూ అక్కడే సొమ్మసిల్లిపోతాడు.